గడీ తలుపు తీసిన కెమెరా

గోదావరిఖనిలో రోజును పొద్దుతో లెక్కపెట్టరు... షిఫ్టుతో లెక్కపెడతారు. మొదటి షిఫ్టు, రెండో షిఫ్టు, నైట్ షిఫ్టు. పిల్లల బడి, ఇంట్లో వంట, చుట్టాల రాకపోకలు అన్నీ ఆ లెక్క ప్రకారమే సాగుతాయి. తలకు దీపం పెట్టుకుని బాయిలోకి దిగే మనిషిని 'మీదే ఊరు?' అని అడిగి చూడండి. ముప్పై ఏళ్లుగా సింగరేణి క్వార్టర్‌లోనే ఉంటున్నా 'ఖని' అని చెప్పడు. మంథని పక్కనో, జగిత్యాల అవతలో ఉన్న ఒక పల్లె పేరు చెబుతాడు. అక్కడ ఇప్పుడు ఇల్లు ఉండకపోవచ్చు. చేను అమ్ముడుపోయి ఉండొచ్చు. అయినా ఊరంటే అదే!

మరి ఆ ఊరు వదిలి ఎందుకొచ్చారు? పాత తరం వాళ్లను కదిలిస్తే జవాబులన్నీ ఒకచోటికే చేరతాయి. భూమి లేదు, ఉన్నా నీళ్లు లేవు. అన్నిటికీ మించి ఊళ్లో దొర ఉన్నాడు, గడీ ఉంది, వెట్టి ఉంది. బాయిలో చీకటి ఉంటుంది. పైకప్పు ఎప్పుడు కూలుతుందోనన్న భయం ఉంటుంది. కానీ నెల తిరిగేసరికి జీతం చేతికొస్తుంది. దొర ఎదురైతే చెప్పులు విడిచి చేతపట్టుకోవాల్సిన అవసరం ఉండదు. అందుకే ఒక తరం మొత్తం గడీ నీడ కన్నా బాయి చీకటే నయమనుకుంది.

తాతలు వదిలి వచ్చిన ఆ ఊరు ఎలా ఉండేదో ఇప్పటి మనవళ్లకు తెలియదు. చెబితే కథ అనుకుంటారు. చూపించాలంటే మాత్రం తెలుగులో కొన్ని సినిమాలున్నాయి. వేళ్ల మీద లెక్కపెట్టేన్ని. వాటిలో ముఖ్యమైన వాటన్నిటి వెనకా ఉన్న మనిషి ఒక్కరే... బి.నర్సింగరావు.

ప్రజ్ఞాపూర్ పిల్లవాడు

అప్పటి మెదక్ జిల్లా గజ్వేల్ పక్కన ప్రజ్ఞాపూర్. నర్సింగరావు 1946లో అక్కడే పుట్టారు. కలిగిన కుటుంబం. అదే ఏడాది నల్గొండ, వరంగల్ పల్లెల్లో రైతాంగ పోరాటం రాజుకుంది. 1951 దాకా సాగిన ఆ పోరాటంలో దాదాపు 3 వేల గ్రామాలు దొరల పెత్తనం నుంచి బయటపడ్డాయనీ, 10 లక్షల ఎకరాలు పేదలకు పంచారనీ పోరాట చరిత్రల్లో రాసుకున్నారు. అంటే ఆయన ఊయల్లో ఉన్నప్పటి సంగతులే ముప్పై ఏళ్ల తర్వాత ఆయన మొదటి సినిమాకు కథావస్తువయ్యాయి.

హైదరాబాద్‌లో లలితకళల కళాశాలలో చదివారు. కుంచె పట్టారు, కవిత్వం రాశారు, ఫొటోలు తీశారు. సినిమా రంగానికి వచ్చేవాళ్లు సాధారణంగా మద్రాసు రైలెక్కే రోజులవి. అక్కడ ఏదో ఒక కంపెనీలో సహాయకుడిగా చేరి, ఏళ్ల తరబడి ఎదురుచూసి, అదృష్టముంటే దర్శకులయ్యేవారు. నర్సింగరావు ఆ రైలెక్కలేదు. ఉన్నచోటే స్నేహితులను పోగుచేశారు. 'ఆర్ట్ లవర్స్' అనే పేరుతో చిన్న బృందం కట్టారు.

పాట కలిపిన స్నేహం

ఆ బృందంలోకి వచ్చి చేరిన ఒక యువకుడి గొంతు తర్వాత తెలుగునాట మారుమోగింది. తూప్రాన్‌కు చెందిన గుమ్మడి విఠల్‌రావు... మనందరికీ తెలిసిన గద్దర్. 1970ల ఆరంభంలో ఆ 'ఆర్ట్ లవర్స్' నుంచే జన నాట్యమండలి పుట్టింది. వేదిక అక్కర్లేదు, మైకు అక్కర్లేదు. గొంగడి, కర్ర, గజ్జెలు ఉంటే చాలు. చెప్పాల్సిన సంగతిని పల్లె బాణీలో కడితే చదువు రాని మనిషికి కూడా ఇట్టే అందుతుందని ఆ బృందం నిరూపించింది.

బొగ్గు బెల్టుకు ఈ సంగతి వేరే చెప్పనక్కర్లేదు. 1981లో సింగరేణి కార్మికులు 56 రోజులు సమ్మె చేశారు. ఆ ఏడాదే సింగరేణి కార్మిక సమాఖ్య పుట్టింది. ఆ కాలంలో కార్మిక వాడల్లో కరపత్రం కన్నా పాటే ముందు నడిచేది. ఆ దారిలో ఎవరి రాజకీయం ఎంత, దాని మంచిచెడ్డలేమిటి అనేది వేరే చర్చ. పాటకు ఉన్న బలమేమిటో మాత్రం ఇక్కడి పాత తరానికి అనుభవమే. ఆ బలాన్ని తెరమీదికి తేవాలనుకోవడమే నర్సింగరావు చేసిన మొదటి సాహసం.

భాష రాని దర్శకుడు

కిషన్ చందర్ ఉర్దూ రచయిత. తెలంగాణ రైతాంగ పోరాటం మీద 'జబ్ ఖేత్ జాగే' అనే నవల రాశారు. దాన్ని సినిమాగా తీయాలన్నది నర్సింగరావు, జి.రవీంద్రనాథ్‌ల ఆలోచన. 'చైతన్య చిత్ర' పేరుతో సంస్థ పెట్టారు. దర్శకుడిగా కలకత్తా నుంచి గౌతమ్ ఘోష్‌ను పిలిపించారు. అప్పటికి ఆయనకు ముప్పై ఏళ్లు కూడా నిండలేదు. కథాచిత్రం తీయడం అదే మొదటిసారి. పైగా తెలుగు రాదు!

అలా తయారైంది 'మా భూమి'. రామయ్య అనే పేద రైతు కొడుకు. చంద్రి అనే లంబాడా పిల్లను ప్రేమిస్తాడు. ఆమె దొర కంట్లో పడుతుంది. మనసు విరిగిన రామయ్య హైదరాబాద్ చేరతాడు. అక్కడ కార్మికుల మధ్య కళ్లు తెరిచి, తిరిగి ఊరికే వచ్చి పోరాటంలో కలుస్తాడు. స్టూడియో సెట్లు లేవు. పెద్ద తారలు లేరు. పల్లెలే సెట్లు, పల్లె జనమే నటులు. రామయ్యగా వేసిన సాయిచంద్‌కు అది తొలి చిత్రం. ఆ తర్వాత ఎన్నో సినిమాల్లో గొంతుతోనే హడలెత్తించిన తెలంగాణ శకుంతల తొలిసారి తెరమీద కనిపించిందీ ఇందులోనే. పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన పాటను గొంగడి భుజాన వేసుకుని గద్దర్ పాడారు. ఇప్పటికీ ఆ సినిమా పేరు చెప్పగానే చాలామందికి ముందుగా గుర్తొచ్చేది ఆ పాటే.

1980 మార్చిలో సినిమా విడుదలైంది. ఉదయం ఆట మాత్రమే దొరికింది. అయితేనేం... హైదరాబాద్‌లో నెలల తరబడి ఆడింది. ఎందుకలా ఆడిందో తెలుసుకోవాలంటే అప్పటి కరీంనగర్ జిల్లాను గుర్తుచేసుకోవాలి. 1978 సెప్టెంబరులో జగిత్యాలలో వేలమంది రైతుకూలీలు ఊరేగింపు తీశారు. అక్టోబరులో సిరిసిల్ల, జగిత్యాల తాలూకాలను ప్రభుత్వం కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. దొరలు గడీలకు తాళం వేసి పట్నం దారి పట్టారు. తెరమీద నడిచేది 1948 నాటి కథ. చూసే జనానికి మాత్రం అది నిన్నటి సంగతి.

2013లో ఒక జాతీయ టీవీ ఛానెల్ వందేళ్ల భారతీయ సినిమా నుంచి వంద గొప్ప చిత్రాలను ఎంపిక చేస్తే అందులో 'మా భూమి' కూడా ఉంది.

స్వీడన్‌లోనూ ఇదే తగువు

ఇలాంటి పట్టుదల మనిషే అంతకు పదేళ్ల ముందు యూరప్‌లో ఒకాయన ఉన్నారు. పేరు బో విదర్‌బెర్గ్. 1930లో స్వీడన్‌లోని మాల్మో పట్టణంలో పుట్టారు. స్వీడన్ సినిమా అంటే ప్రపంచమంతా ఇంగ్మార్ బెర్గ్‌మన్ పేరే చెప్పుకునే రోజుల్లో ఆయన 1962లో ఒక పుస్తకం రాసి తగువు పెట్టుకున్నారు. మన సినిమా ఎప్పుడూ పైకి దేవుడి వంక చూస్తోంది, పక్కనున్న మనిషి వంక చూసేదెప్పుడన్నది ఆయన వాదన. అని ఊరుకోలేదు, తీసి చూపించారు కూడా.

1931 మే 14న ఓదాలెన్ లోయలో సమ్మె చేస్తున్న కార్మికుల ఊరేగింపు మీద సైన్యం కాల్పులు జరిపి ఐదుగురిని బలిగొంది. దాని మీద విదర్‌బెర్గ్ 1969లో 'ఓదాలెన్ 31' తీశారు. కేన్స్‌లో జ్యూరీ ప్రత్యేక గ్రాండ్ ప్రీ దక్కింది. 1971లో 'జో హిల్' తీశారు. జో హిల్ స్వీడన్‌లో పుట్టి అమెరికా వలస వెళ్లిన కార్మికుడు. పాటలు కట్టి కార్మికులను కూడగట్టాడు. హత్య కేసులో దోషి అన్నారు. కాదని ఎందరు మొత్తుకున్నా 1915లో యూటా రాష్ట్రంలో కాల్చి చంపారు. పాటతో సంఘం కట్టడం ఖని కార్మికుడికి కొత్త కాదు కదా... ఆ సినిమా ఇక్కడ వేస్తే భాష తెలియకపోయినా కథ అర్థమవుతుంది. అన్నట్టు విదర్‌బెర్గ్ కన్నుమూసిన తేదీ 1997 మే 1. కార్మికుల పండగ రోజు!

విదర్‌బెర్గ్‌కు, నర్సింగరావుకు పోలిక ఒకచోట ఉంది, తేడా ఒకచోట ఉంది. ఇద్దరూ జనం గుండెల్లో మిగిలిన గాయాన్ని తెరకెక్కించారు. కాకపోతే స్వీడన్‌లో మంచి సినిమాకు ప్రభుత్వం ఊతమిచ్చే పద్ధతి 1963 నుంచే ఉంది. ఇక్కడ నర్సింగరావు లాంటివాళ్లు ప్రతి సినిమాకూ మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టాల్సిందే.

తననే నిలదీసుకున్న కళాకారుడు

'మా భూమి'కి వచ్చిన పేరు చూసి ఎవరైనా అలాంటిదే ఇంకొకటి తీస్తారు. నర్సింగరావు అలా చేయలేదు. 1983లో తొలిసారి దర్శకుడై 'రంగుల కల' తీశారు. రవి అనే చిత్రకారుడి కథ. ఆ పాత్ర కూడా తనే వేశారు.

రవి బొమ్మలు బాగా వేస్తాడు. కానీ అవి ఎవరి గోడల మీదికి చేరుతున్నాయి? బొమ్మలోని కూలీ ఆ బొమ్మను ఎప్పటికీ చూడడు. దాన్ని కొన్న మనిషి ఆ కూలీ ముఖం ఎప్పటికీ చూడడు. మరి ఈ బొమ్మ ఎవరి కోసం? రవిని వేధించే ప్రశ్న ఇదే. చూడబోతే ఇది నర్సింగరావు తనకు తాను వేసుకున్న ప్రశ్నలా కూడా ఉంది. ఆ ఏటి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ అవార్డు వచ్చింది. ప్రశ్న మాత్రం అలాగే ఉండిపోయింది. తర్వాతి రోజుల్లో ఆయన సినిమాలన్నిటినీ వెంటాడింది కూడా ఆ ప్రశ్నే.

మాటలు తక్కువ... బాధ ఎక్కువ

1988లో వచ్చిన 'దాసి'తో ఆయన పేరు దేశమంతా తెలిసింది. నిజాం జమానాలో ఒక గడీ. అందులో కమలాక్షి అనే దాసి. దొరల ఇంటి ఆడపిల్లకు పెళ్లి చేసి పంపేటప్పుడు కట్నకానుకలతో పాటు పనిపిల్లలనూ ఇచ్చి పంపే ఆచారం తెలంగాణలో ఉండేది. వాళ్లను ఆడబాపలు అనేవారు. పెట్టెలు, గిన్నెలు, పశువులు... వాటి వరసలోనే ఒక ఆడపిల్ల! ఆమెకు పెళ్లి లేదు, కూలి లేదు, కాదనే హక్కు లేదు. తెల్లవారుజామున లేచి నీళ్లు తోడడం నుంచి అర్ధరాత్రి దొర పడకగదికి వెళ్లడం దాకా ఆమె పనే. దానివల్ల కడుపు పండితే ఆ బిడ్డను కనే హక్కు కూడా లేదు.

ఇంత దారుణాన్ని తీయడానికి ఇంకొకరైతే కేకలు, ఏడుపులు, కొరడా దెబ్బలు పెట్టేవారేమో. 'దాసి'లో అవేవీ లేవు. మాటలే చాలా తక్కువ. కెమెరా ఓపిగ్గా ఆమె చేసే పనులను చూస్తూ ఉంటుంది. బిందె ఎత్తడం, వాకిలి ఊడ్వడం, తలవంచుకుని నిలబడటం... కాసేపటికి చూసేవాళ్లకే ఊపిరాడదు. గడీ అంటే కోట గోడలు కాదనీ, అది మనిషి వెన్నెముకను రోజుకింత వంచే ఏర్పాటనీ అప్పుడు అర్థమవుతుంది.

ఆ ఏడాది జాతీయ అవార్డుల్లో 'దాసి'కి ఐదు వచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం ఒకటి. ఉత్తమ నటి అర్చన. అంతకు ముందు ఏడు తమిళ చిత్రం 'వీడు'కు కూడా ఆమే ఉత్తమ నటి. ఛాయాగ్రహణానికి ఎ.కె.బీర్, కళాదర్శకత్వానికి తోట వైకుంఠం, దుస్తుల రూపకల్పనకు సుదర్శన్ అందుకున్నారు. వైకుంఠం కరీంనగర్ జిల్లా బూరుగుపల్లిలో పుట్టినవారు. నుదుట పెద్ద బొట్టు, ఒంటినిండా రంగుల చీర కట్టిన తెలంగాణ ఆడవాళ్ల బొమ్మలు చూస్తే అది ఆయన కుంచే అని ఎవరైనా చెబుతారు. అదే చెయ్యి ఇక్కడ గడీని కట్టింది. సుదర్శన్‌కైతే ఆ సినిమా ఇంటిపేరే అయింది. 'దాసి' సుదర్శన్ అంటేనే జనం గుర్తుపట్టేవారు.

పట్నం మింగిన మనుషులు

ఊరు విడిచిన మనిషి ఏమవుతాడు? 1990లో తీసిన 'మట్టి మనుషులు'లో నర్సింగరావు చెప్పింది ఆ కథ. పల్లెలో బతుకు గడవక ఒక జంట హైదరాబాద్ చేరుతుంది. మేడలు కట్టే చోట కూలికి కుదురుతుంది. ఇటుక మీద ఇటుక పేర్చి వాళ్లు ఎవరి ఇల్లో లేపుతుంటారు. వాళ్ల సంసారం మాత్రం కూలిపోతూ ఉంటుంది. ఇందులోనూ అర్చనే ప్రధాన పాత్ర. నీనా గుప్తా కూడా నటించారు. ఉత్తమ తెలుగు చిత్రంగా మరో జాతీయ అవార్డు వచ్చింది.

ఈ కథను బొగ్గు బెల్టు పక్కన పెట్టి చూస్తే ఒక సంగతి తడుతుంది. ఒకే పల్లె నుంచి ఇద్దరు అన్నదమ్ములు బయల్దేరారనుకోండి. ఒకరు పట్నం బస్సెక్కి మేస్త్రీ దగ్గర కూలి అయ్యారు. ఇంకొకరు రామగుండం వచ్చి బాయిలో చేరారు. బాయిలో చేరినవాడికి క్వార్టరు, దవాఖానా, పింఛను, వెనక ఒక సంఘం దొరికాయి. పట్నం పోయినవాడికి ఏదీ దొరకలేదు. సంఘం ఉన్న పనికీ, లేని పనికీ ఎంత తేడా ఉంటుందో ఎవరి ఉపన్యాసమూ లేకుండానే ఆ సినిమా చెబుతుంది.

మధ్యలో డాక్యుమెంటరీలూ తీశారు. తెలంగాణ పల్లె బతుకును, పనిపాటలను పట్టి చూపిన 'మా ఊరు' వాటిలో పేరుపొందింది. ఆ తర్వాత కథాచిత్రం కోసం చాలా ఏళ్లు ఆగాల్సి వచ్చింది. 2003లో 'హరివిల్లు' వచ్చింది. కథాచిత్రాలను లెక్కపెడితే నిర్మాతగా ఒకటి, దర్శకుడిగా నాలుగు. ఐదు వేళ్లకు సరిపోయేంత.

ఎవరి కోసం తీసినట్టు?

ఇక్కడే అసలు చిక్కు. 'మా భూమి'ని జనం వెతుక్కుంటూ వెళ్లి చూశారు. ఐదు అవార్డుల 'దాసి'కి థియేటర్లలో ఆ భాగ్యం లేదు. ఆ తరహా చిత్రాలకు అప్పట్లో మిగిలిన దారి దూరదర్శన్. ఆదివారం మధ్యాహ్నం అవార్డు సినిమా వేస్తే ఇంటిల్లిపాదీ కాసేపు చూసేవారు. 'మెల్లగా నడుస్తోంది' అని లేచిపోయేవారూ ఉండేవారు. ఆ మెల్లదనంలోనే ఆడబాపల జీవితకాలం గడిచిపోయిందన్న సంగతి ఓపిక పట్టి కూర్చున్నవాళ్లకే అందింది.

తప్పు ఎవరిది? జనానికి రుచి లేదని కొందరంటారు. కానీ అదే జనం 'మా భూమి'ని నెలల తరబడి ఆడించారు కదా! దర్శకుడు జనానికి దూరంగా జరిగారని ఇంకొందరంటారు. 'మా భూమి'లో పాట ఉంది, గుంపు ఉంది, తిరగబడే ఘట్టం ఉంది. 'దాసి'లో మౌనం ఉంది. నిజమే. కానీ తిరగబడే అవకాశమే లేని బతుకును తిరగబాటు పెట్టి తీస్తే అది అబద్ధమయ్యేది. నర్సింగరావు చప్పట్లకూ నిజానికీ మధ్య నిజాన్నే ఎంచుకున్నారు. అందుకు తగిన మూల్యమూ చెల్లించారు. 'రంగుల కల'లో రవి అడిగిన ప్రశ్న సరిగ్గా ఆయన ముందుకే వచ్చి నిలబడింది. దాసి బతుకును తీసిన సినిమాను దాసి మనవరాలు చూడగలిగిందా?

ఇప్పుడు ఆ ప్రశ్నకు కొంచెం ఊరట ఉంది. టికెట్టు, ఆట వేళ, థియేటర్ యజమాని దయ... వీటితో పని లేకుండా పాత సినిమా చేతిలోని ఫోన్‌లోనే చూసుకునే కాలమిది. చూడాలన్న ఆసక్తి ఉండటమే ముఖ్యం.

బొగ్గు కథ మిగిలే ఉంది

ఇల్లందు దగ్గర విలియం కింగ్ బొగ్గును గుర్తించింది 1871లో. తవ్వకాలు మొదలైంది 1889లో. సింగరేణి కాలరీస్ అన్న పేరు స్థిరపడింది 1920లో. ఇన్నేళ్ల చరిత్రలో ఎన్ని కథలు! గడీ నుంచి పారిపోయి వచ్చి బాయిలో దిగిన తరం ఉంది. పైకప్పు కూలి తిరిగిరాని మనుషులున్నారు. వారసత్వ ఉద్యోగం కోసం కళ్లు కాయలు కాసేలా చూసిన కొడుకులున్నారు. ఓపెన్‌కాస్ట్ గుంతలో ఊరు పోగొట్టుకుని, చేతిలో పరిహారం కాగితాలతో మిగిలినవాళ్లున్నారు. ఒకప్పుడు లక్ష దాటిన కార్మికుల సంఖ్య తర్వాత సగానికి పైగా తగ్గిపోయింది. ఆ తగ్గిన ప్రతి అంకె వెనకా ఒక ఇల్లుంది.

2023లో శ్రీకాంత్ ఓదెల దర్శకత్వంలో వచ్చిన 'దసరా' ఈ బొగ్గు గనుల పక్కనున్న ఊరిని తెరమీద చూపించింది. నాని ఒంటినిండా బొగ్గు పూసుకుని కనిపిస్తే ఖని కుర్రాళ్లు ఈలలు వేశారు. మన యాస, మన మసి పెద్ద తెరమీదికి ఎక్కినందుకు సంబరపడ్డారు. సంబరమే! కానీ అది స్నేహం, ప్రేమ, పగల కథ. బాయి లోపలికి దిగిన మనిషి కథ కాదు.

ఓదాలెన్‌లో కాల్పులు జరిగిన 38 ఏళ్లకు విదర్‌బెర్గ్ వచ్చారు. రైతాంగ పోరాటం ముగిసిన 28 ఏళ్లకు 'మా భూమి' తయారైంది. ఇలాంటి కథలు తొందరపడవు. తీసే మనిషి కోసం ఓపిగ్గా కూర్చుంటాయి. అయితే చెప్పగలిగినవాళ్లు మాత్రం కలకాలం ఉండరు. మొదటి తరం కార్మికులు ఒక్కొక్కరే తరలిపోతున్నారు.

కాబట్టి ఈ ఆదివారం ఒక పని చేయొచ్చు. ఇంట్లో పెద్దాయన మూడో కునుకు తీయకముందే పక్కన కూర్చోబెట్టుకుని 'మా భూమి' పెట్టండి. సినిమా సగంలో ఆయన 'మా ఊళ్లో కూడా గిట్లనే...' అని మొదలుపెడతారు. అప్పుడు సినిమా ఆపి ఆయన చెప్పేది వినండి. తెరకెక్కాల్సిన రెండో కథ అదే!